పడుట నేర్పిన గురువు: జిగోరో కానోగారి చరిత్రము



రాత్రివేళ మన యరకులోయలో మెలకువ వచ్చినవారికి కొండసొరంగములనుండి వెలువడు గూడ్సుబండ్ల చప్పుడు వినబడుట యలవాటే. కొత్తవలసనుండి కిరండూలు వరకు గల యీ యినుపదారి 1960వ దశకమున నిర్మింపబడినది. బైలదిల్లా కొండలలోని యినుపరాతిని విశాఖపట్టణపు రేవునకు దింపి, అచ్చటనుండి ఓడలమీద జపాను దేశమునకు పంపుటయే దాని మొదటి యుద్దేశము. అంతకు ఎన్నో యేండ్లకు పూర్వమే జపానునుండి యొక విద్య మన దేశమునకు వచ్చియుండెను. దానికి జూడో యని పేరు. బలహీనుడు బలవంతుని పడద్రోయు విద్య యని లోకులు దానిని గుఱించి చెప్పుకొందురు. కాని దానిని స్థాపించిన మహనీయుని పాఠశాలలో శిష్యులు మొట్టమొదట నేర్చుకొనునది పడద్రోయుట కాదు, దెబ్బ తగులకుండ పడుట. ఆయన పేరు జిగోరో కానో. ఆయన మల్లుడేగాక, జీవితమంతయు బడులలో గడపిన యుపాధ్యాయుడు. కావుననే ఆయన చరిత్రము మన పత్రికలో నుండదగినదని తలంచి వ్రాయుచున్నాను.

కానో 1860వ సంవత్సరమున మికాగే యను సముద్రతీర గ్రామమున జన్మించెను. ఈ గ్రామ మిప్పుడు కోబే నగరములో చేరియున్నది. వారి వంశమువారు బియ్యపు మద్యము తయారుచేయు వర్తకములో పేరుపొందిన కలవారు. తల్లి అతని బాల్యముననే మృతినొందెను. పిల్లల చదువునందు మిక్కిలి శ్రద్ధ గల తండ్రి కుమారుని టోకియో నగరమునకు తీసికొనిపోయెను. అది జపాను దేశమున గొప్ప మార్పులు జరుగుచున్న కాలము. 1868వ సంవత్సరమున పాత ప్రభుత్వము కూలి, క్రొత్త ప్రభుత్వము వచ్చి, పాశ్చాత్య విద్యలకు తలుపులు తెరువబడెను. కానో వసతిగృహము గల యొక బడిలో చేరి ఇంగ్లీషు మొదలగు భాషలు నేర్చుకొనెను.

చదువులో అతడు ముందుండెడివాడు. దేహబలములో మాత్రము వెనుకబడియుండెను. పెరిగి పెద్దవాడైన పిమ్మటను అతని యెత్తు సుమారు 5 అడుగుల 2 అంగుళములే. వసతిగృహములోని బలిష్ఠులగు బాలురు అతనిని కొట్టుచు, ఏడిపించుచు నుండిరి. వసతిగృహములలో నివసించు మీలో కొందఱకు ఈ బాధ యెట్టిదో నేను వేఱుగ చెప్పనక్కఱలేదు. ఆ దినములలో కానో, చిన్నవాడు పెద్దవానిని గెలువగల జుజుత్సు అను ప్రాచీన మల్లవిద్య యొకటి కలదని వినెను. తనకు నేర్పుడని తెలిసినవారిని వేడుకొనెను. అది కాలము చెల్లిన విద్య, ఇప్పుడెందులకని వారు నిరాకరించిరి. తండ్రియు ఒప్పుకొనలేదు.

వారి మాటలో నిజము లేకపోలేదు. జుజుత్సు పూర్వము యోధులు నేర్చిన విద్య. 1876వ సంవత్సరమున యోధులు కత్తి ధరించుట సైతము నిషేధింపబడెను. జుజుత్సు గురువులు శిష్యులు లేక పేదలైరి. వారిలో పలువురు విఱిగిన యెముకలు కట్టి జీవనము చేయుచుండిరి. కానో దీనిని గ్రహించి, నగరమున ఎముకలు కట్టు వైద్యులను వెదకుచు, మీరు జుజుత్సు నేర్చితిరా యని యొక్కొక్కరిని అడుగుచు తిరిగెను. తుదకు 1877వ సంవత్సరమున, టోకియో విశ్వవిద్యాలయమున చేరిన యేడే, ఫుకుదా హచినొసుకె యను గురువు లభించెను.

ఫుకుదా మంచివాడు, విద్యలో నిపుణుడు. కాని ఆయన బోధించు రీతి పాతది. ఒకనాడు గురువు కానోను ఎత్తి పడవైచెను. శిష్యుడు లేచి, ఇప్పుడు మీ చేయి యెట్లుంచితిరి, కాలు ఎట్లు కదల్చితిరి యని అడిగెను. గురువు బదులు చెప్పక మఱల రమ్మని పిలిచి మఱల పడవైచెను. శిష్యుడు మఱల అడిగెను, మఱల పడెను. ఇట్లు కొన్ని మాఱులు జరిగిన పిమ్మట, అడిగి తెలిసికొనునది కాదు, పడుచు పడుచు నేర్చుకొనవలసినదని గురువు తెలిపెను. కానో గురువును జీవితాంతము గౌరవించెను. కాని పడుచు నేర్చుకొను శక్తి లేనివాని గతి యేమను ప్రశ్న ఆ విద్యార్థి మనస్సున నిలిచినట్లు ఆయన పిమ్మట చేసిన పనులనుబట్టి మనము ఊహింపవచ్చును.

ఆ గోదాలోనే ఫుకుషిమా యను భారీకాయుడొకడు కలడు. కానో అతనితో పెనుగులాడిన ప్రతిమాఱును ఓడిపోవుచుండెను. జపాను దేశపు సుమో కుస్తీలోని పట్లు ప్రయోగించి చూచెను, ఫలింపలేదు. అప్పుడు పుస్తకశాలకు పోయి పాశ్చాత్య మల్లయుద్ధమును గుఱించిన గ్రంథములు వెదకెను. అందొక చోట శత్రువును భుజములమీదికెత్తి వెనుకకు పడవైచు ఉపాయము కనబడెను. కానో దానిని మిత్రునితో రహస్యముగ అభ్యసించి, ఒకనాడు ఫుకుషిమాను భుజములమీద కెత్తి నేలమీద పడవైచెను. నేటికిని జూడోలో ఆ పట్టు భుజచక్రము అను నర్థమిచ్చు పేరుతో నున్నది. పుస్తకములు చదువుట వేఱు, మల్లవిద్య వేఱు అని తలంచు బాలురు ఈ సంగతి జ్ఞాపకముంచుకొనవలెను.

1879వ సంవత్సరమున ఫుకుదా మరణించెను. ఆ గురువుగారి కుటుంబమువారు ఆ శాఖకు సంబంధించిన వ్రాతప్రతులను ఈ యువకునకే అప్పగించిరి. కానో పిమ్మట ఇసో యను వృద్ధగురువు నాశ్రయించెను. ఆయనయు 1881వ సంవత్సరమున గతించెను. మూడవ గురువు ఇయికుబో, కితో యను వేఱొక శాఖకు చెందినవాడు. ఈ శాఖలో ఎత్తి వేయు విద్యకు ప్రాధాన్యము. ఇయికుబోతో చిరకాలము అభ్యాసము చేసిన మీదట కానోగారికి ఒక రహస్యము బోధపడెను. శత్రువు స్థిరముగ నిలిచియుండగా ఎత్తుటకు పూనుకొనరాదు. మొదట అతని నిలుకడ తప్పింపవలెను, పిమ్మట ఎత్తవలెను.

దీనినే ఆయన తరువాతి కాలమున లెక్కగట్టి చెప్పుచుండెడివారు. ఎదుటివాని బలము 10 పాళ్లనియు, నా బలము 7 పాళ్లనియు అనుకొందము. అతడు త్రోసినప్పుడు నేను ఎదురు త్రోసినచో నేనే పడుదును. అతడు త్రోసిన దిక్కునకు నేను కొంచెము జరిగినచో, అతడు ముందునకు తూలును. తూలినవాని బలము 3 పాళ్లకు తగ్గును. నిలుకడగా నున్న నా బలము 7 పాళ్లే. అందు సగము వినియోగించినను నేను గెలుతును. జూడో యను పేరులోని జూ శబ్దమునకు మెత్తదనము, లొంగుబాటు అని యర్థము. డో యనగా మార్గము. ఉపాయములను తెలుపు జుత్సు అను మాటను మాని, జీవితమార్గమును తెలుపు డో యను మాటను ఆయన యేరి తీసికొనిరి.

1881వ సంవత్సరమున విశ్వవిద్యాలయములో పట్టము పొంది, మఱుసటి యేడు గకుషూయిన్ అను కలవారిబిడ్డల పాఠశాలలో కానోగారు ఉపాధ్యాయులైరి. ఆ 1882వ సంవత్సరముననే టోకియోలోని ఎయిషోజీ యను బౌద్ధాలయమున ఒక గది తీసికొని తన స్వంత జూడో పాఠశాలను స్థాపించిరి. దాని పేరు కోడోకన్, అనగా మార్గము నభ్యసించు మందిరము. ఆ గదిలో 12 చాపలు మాత్రమే పట్టెడివి. తొలి సంవత్సరమున చేరిన శిష్యులు 9 మంది. వారు పడు దెబ్బలకు ఆలయపు నేల పలకలు విఱుగుచుండెను. అప్పుడు కానోగారు రాత్రివేళ దీపము పట్టుకొని నేలక్రిందికి ప్రాకి పలకలను బాగుచేయుచుండెడివారు. అప్పటికి ఆయన వయస్సు 22 ఏండ్లకు లోపు.

ఇక ఆయన బోధనారీతిని వివరించెదను. మీరు శ్రద్ధతో చదువుడు. ఉపాధ్యాయశిక్షణ పొందిన నావంటి వారికి ఇందు నేర్చుకొనవలసినది మెండుగ నున్నది.

మొదటిది, పడుట. కోడోకనునందు క్రొత్త శిష్యుడు ముందుగ నేర్చునది చాపమీద ముందునకు, వెనుకకు, ప్రక్కలకు పడుటయే. పడునప్పుడు గడ్డము రొమ్మునకు చేర్చవలెను, తల నేలకు తగులరాదు, చేతితో చాపను చఱచి దెబ్బయొక్క వేగమును చెదరగొట్టవలెను. దీనిని మొదట కూర్చుండి, పిమ్మట గొంతుకూర్చుండి, పిమ్మట నిలువబడి నేర్తురు. పడుటకు భయపడువాడు దేహమును బిగబట్టును. దేహము బిగిసినవానికి పట్లు రావు. భయము తీరినవాడు ధైర్యముగ ప్రయత్నించును, ఓడును, మఱల ప్రయత్నించును.

రెండవది, అపాయము లేని పెనుగులాట. పాత జుజుత్సులో గ్రుద్దుట, వ్రేళ్లు విఱచుట మొదలగు ప్రమాదకరమైన ప్రయోగములుండెను. వానిని పూర్ణబలముతో అభ్యసించినచో తోటి శిష్యుడు కుంటివాడగును. కానోగారు వానిని విడదీసి, ముందుగ నిర్ణయించిన క్రమముగల అభ్యాసమున మాత్రమే యుంచిరి. మిగిలిన పట్లతో శిష్యులు నిజముగ పెనుగులాడవచ్చును. ఓడినవాడు చేతితో రెండు మాఱులు తట్టిన చాలును, గెలిచినవాడు తత్క్షణమే విడిచిపెట్టవలెను. ఎదుటివాడు మన శత్రువు కాడు, మన విద్యకు సహాయుడు. అతనికి గాయమైనచో రేపు మనకు అభ్యాసము లేదు.

మూడవది, మెట్లు. పాత గురువులు శిష్యునకు పట్టమిచ్చుటకు అనేక సంవత్సరములు పట్టెడిది. నడుమ నున్న మెట్లు బహుస్వల్పము. కొలది మంది మాత్రమే చివరకు చేరిరి. తక్కినవారు తామెంతవరకు వచ్చితిమో యెఱుగక, నిరాశచెంది మానుకొనిరి. కానోగారు గో యను జపాను పలకయాటలో నున్న తరగతుల పద్ధతిని తమ విద్యకు అనుకూలముగ మార్చుకొనిరి. ప్రారంభకులకు కొన్ని తరగతులు, వానిపైన దాన్ అను పై తరగతులు నేర్పరచిరి. 1883వ సంవత్సరమున తోమిత, సైగో యను ఇద్దఱు శిష్యులకు మొదటి దాన్ నిచ్చిరి. 1886వ సంవత్సరము మొదలుకొని దాన్ పొందినవారు నడుమునకు నల్లని పట్టీ కట్టుకొనుట ఆచారమయ్యెను. పసుపు, నారింజ, ఆకుపచ్చ మొదలగు రంగుల పట్టీలు తరువాతి కాలమున ఐరోపాఖండమున పుట్టినవి.

నాలుగవది, పాఠక్రమము. 1895వ సంవత్సరమున పడవేయు పట్లను అయిదు వర్గములుగ విభజించిరి. 1920వ సంవత్సరమున దానిని సవరించి, వర్గమునకు 8 చొప్పున 40 పట్లు నిర్ణయించిరి. సులభమైనవి ముందు, కష్టమైనవి పిమ్మట వచ్చును. మన పల్లెలలో థింసా ఆడువేళ చిన్నపిల్లలు వరుస చివర చేరి, పెద్దల అడుగు చూచి మొదట నొక చిందు, పిమ్మట మఱియొక చిందు నేర్చుట మీరెఱిగినదే. ఒకేసారి వరుస ముందునకు వచ్చి నడిపించుమని ఏ తల్లియు బిడ్డను త్రోయదు.

అయిదవది, ప్రశ్న. దేహాభ్యాసముతో పాటు ఉపన్యాసములును, ప్రశ్నోత్తరములును కోడోకను విద్యలో భాగములుగ నుండెను. ఎట్లు చేసితిరని అడిగి సమాధానము పొందని శిష్యుడు తాను గురువైనప్పుడు, అడుగుటకు ఒక వేళ నేర్పాటు చేసెనన్నమాట.

ఇచ్చట మన ప్రాంతపు మహామల్లుని స్మరింపకుండుట న్యాయము కాదు. ఈ తూర్పుకనుమల పాదమున వీరఘట్టమున జన్మించి, కలియుగభీముడని పేరొందిన కోడి రామమూర్తి నాయుడుగారు కానోగారి సమకాలికులు. వారును మదరాసులో వ్యాయామశిక్షణ పొంది విజయనగరమున వ్యాయామోపాధ్యాయులుగ పనిచేసినవారే. ఉక్కుగొలుసులు తెంచి, ఱొమ్ముమీద ఏనుగును మోసి, దేశమును ఆశ్చర్యపఱచి, 1942వ సంవత్సరమున దివంగతులైరి. అట్టి బలము కోటికొకనికి లభించును, దానిని చూచి మనము గర్వింపదగును. కానోగారి కీర్తి వేఱొక విధమైనది. కోటిలో మిగిలినవారికి, అనగా నావంటి, మీవంటి సామాన్యులకు ఎక్కదగిన మెట్లు ఆయన కట్టిరి.

కానోగారు జూడోను జీవనోపాధిగ చేసికొనలేదు. 1891వ సంవత్సరమున కుమమోతో నగరపు ఉన్నతపాఠశాలకు అధిపతియైరి. 1893 మొదలు 1920 వరకు, నడుమ కొన్ని విరామములతో, టోకియో ఉన్నతోపాధ్యాయ శిక్షణ పాఠశాలకు ప్రధానాధ్యాపకులుగ నుండిరి. దేశము నలుమూలల పనిచేయు ఉపాధ్యాయులు అచ్చట తయారైరి. 1896వ సంవత్సరమున చీనాదేశమునుండి వచ్చిన 13 మంది విద్యార్థుల బాధ్యత వహించిరి. ఆ యేర్పాటే పిమ్మట కోబున్ విద్యాలయమయ్యెను. చీనా సాహిత్యమున మహాకవులతో సమముగ గౌరవింపబడు లూషున్ అను రచయిత 1902 మొదలు 1904 వరకు అందు చదువుకొనెను. స్త్రీలకు ఈ విద్య తగదని పలువురనుకొనుచుండిన దినములలో కానోగారు వారికిని నేర్పిరి. 1926వ సంవత్సరమున కోడోకనునందు స్త్రీలకు ప్రత్యేకశాఖ యేర్పడెను.

1909వ సంవత్సరమున ఒలింపిక్ అంతర్జాతీయసంఘములో సభ్యులైరి. ఆసియాఖండమునుండి ఆ గౌరవము పొందిన ప్రథములు వారే. 1912వ సంవత్సరమున స్టాక్‌హోం క్రీడలకు జపాను తొలిసారిగ ఇద్దఱు పరుగుపందెగాండ్రను పంపగా, కానోగారే వారికి నాయకులుగ పోయిరి. అందొకడు కానోగారి శిక్షణ పాఠశాల విద్యార్థి, కనకురి షిజో. దూరపుపరుగున నడుమ ఎండదెబ్బకు పడిపోయి గమ్యము చేరలేకపోయెను. అతడు మానుకొనక మఱల ఒలింపిక్ క్రీడలలో పరుగెత్తెను, అనేకులకు పరుగు నేర్పెను.

ఈ విద్య సముద్రములు దాటెను. కోడోకను శిష్యుడు మయేదా మిత్సుయో 1904వ సంవత్సరమున అమెరికాకు పోయి, అనేక దేశములు తిరిగి, 1914వ సంవత్సరమున బ్రెజిలు చేరి, బెలెం నగరమున స్థిరపడెను. ఆయన నేర్పిన విద్యయే గ్రేసీ వంశమువారి చేతిలో నేలమీది పట్లకు ప్రాధాన్యమిచ్చు బ్రెజిలియన్ జియుజిట్సుగ పెరిగెను. అందును తెలుపు, నీలము, ఊదా, గోధుమ, నలుపు అను పట్టీల మెట్లున్నవి. మన దేశమునకు రవీంద్రనాథ టాగూరుగారు 1905వ సంవత్సరమున సానో యను గురువును, 1929వ సంవత్సరమున తకగాకి షింజో యను కోడోకను పండితుని శాంతినికేతనమునకు రప్పించిరి. అచ్చట బాలురతో పాటు బాలికలును జూడో నేర్చిరి.

1922వ సంవత్సరమున కానోగారు తమ బోధలను రెండు సూత్రములుగ సంగ్రహించి ప్రకటించిరి. మన శక్తిని వృథాపుచ్చక మంచికై వినియోగించుట మొదటిది. నీవును నేనును కలసి బాగుపడుట రెండవది. అయినను ఆయన జీవితపు తుదిదినములలో ఆయన దేశము యుద్ధమార్గమున నడచుచుండెను. జూడోను సైతము యుద్ధోత్సాహము పెంచుటకు వాడుకొనిరి. అందువలన 1945వ సంవత్సరమున, యుద్ధము ముగియగనే, జపాను బడులలో జూడో నిషేధింపబడెను. 1950వ సంవత్సరమున గాని మఱల అనుమతింపబడలేదు. ఎంత మంచి విద్యయైనను, దాని రెండవ సూత్రము మఱచినవారి చేతిలో చెడునని ఇందువలన తేటపడుచున్నది.

1938వ సంవత్సరమున కైరో నగరమున జరిగిన ఒలింపిక్ సంఘసభకు పోయి, ఓడలో స్వదేశమునకు మఱలివచ్చుచు, మే 4వ తేదీన ఊపిరితిత్తుల వ్యాధితో కానోగారు సముద్రముమీదనే కన్నుమూసిరి. అప్పటికి ఆయన వయస్సు 77 ఏండ్లు. ఆయన కోరిన 1940వ సంవత్సరపు టోకియో క్రీడలు యుద్ధమువలన జరుగలేదు. 1964వ సంవత్సరమున టోకియోలో ఒలింపిక్ క్రీడలు జరిగినప్పుడు జూడోకు అందు చోటు లభించెను. 1992వ సంవత్సరము మొదలు స్త్రీలును అందు పతకములకై పోటీపడుచున్నారు.

తుదకు నా తప్పొకటి ఒప్పుకొని ముగించెదను. శిక్షణకళాశాల విడిచి నేను తొలిసారి పనిచేసిన తరగతిలో, ఇంట ఆదివాసీ ఒడియా మాత్రమే మాటలాడు బాలుడొకడు చేరెను. తెలుగు వాచకము చదువుమని నేను నిలువబెట్టినప్పుడెల్ల అతడు తడబడెను, తరగతి నవ్వెను. కొన్నినాళ్లకు నేను అతనిని అడుగుట మానితిని. అదే దయ యని తలంచితిని. సంక్రాంతి సెలవులకు కొండమీది ఇంటికి పోయిన ఆ బాలుడు మఱల బడికి రాలేదు. చాలకాలమునకు అరకు సంతలో అతడు పసుపు మూట మోయుచు కనబడి, నాకు నమస్కరించి, తల వంచుకొని పోయెను. అతనికి తెలివి తక్కువ కాదు. అతడు నిలిచిన చోటికిని నేను చూపిన వాచకమునకును నడుమ ఉండవలసిన మెట్లు నేను కట్టలేదు. పడినప్పుడు నవ్వులపాలు కాకుండ పడు చోటొకటి నా తరగతిలో నేర్పరుపలేదు.

అప్పటినుండి నేను క్రొత్తగ వచ్చిన బిడ్డచేత మొదటి మాసమున పదిమందిలో చదివింపను. అతని మాటలలోని పేర్లతో ప్రారంభించి, పదములు, పిమ్మట చిన్న వాక్యములు నా ప్రక్కన కూర్చుండబెట్టుకొని చదివించెదను. తప్పు చదివిన చోట తరగతి నవ్వినచో, ముందుగ నవ్వినవానినే లేపి, నీకు మొదట కష్టమైన పాఠమేదో చెప్పుమందును. ఒక్కొక్క మెట్టు ఎక్కిన దినమున అతని పేరు పలకమీద వ్రాయుదును. దీనివలన అందఱును నిలిచిరని నేను చెప్పజాలను, కాని మునుపటికంటె ఎక్కువమంది నిలిచిరి.

తలిదండ్రులారా, మీ బిడ్డ పరీక్షలో తప్పినచో వెంటనే పశువులవెంట పంపకుడు, ఏ మెట్టుకడ కాలు జాఱినదో మమ్ము వచ్చి అడుగుడు. తోటి యుపాధ్యాయులారా, ఎట్లు చేయవలెనని అడుగు బిడ్డకు బదులు చెప్పుడు. విద్యార్థులారా, క్రింద పడినవాని చేయి పట్టి లేపుడు, రేపటి అభ్యాసమునకు అతడు మీకు కావలెను.